కారు వంపు, అక్షరం వంపు

అమ్మణ్ణీ, నువ్వు డీటీపీ నేర్చుకుంటానంటే మీ నాయన మొదట అడిగింది ఫీజు ఎంతని. మీ అవ్వ అడిగింది క్లాసు హోసూరు బస్‌స్టాండుకి దగ్గరేనా అని. నేను అడిగేది వేరే. తెలుగు ‘అ’ని ఎప్పుడన్నా పెన్సిలుతో అరచేయంత పెద్దగా గీసి చూశావా? ఇంట్లో తెలుగు, బడిలో తమిళం, సంతలో కన్నడం నడిచే ఊరు మనది. మాట నోటికి వచ్చినంత సులువుగా అక్షరం చేతికి రాదు ఇక్కడి పిల్లలకి. సాఫ్ట్‌వేర్ పేజ్‌మేకరా, కోరల్‌డ్రానా, ఇన్‌డిజైనా అన్నది తర్వాత తేల్చుకుందాం. ముందు ఆ అక్షరం కంప్యూటర్లో ఎట్ల నిలబడుతుందో చూడు.

1985లో మూడు సరుకులు ఒకచోట చేరాయి. యాపిల్ వాళ్ల లేజర్‌రైటర్ ప్రింటరు, దానికి పేజీని వర్ణించి చెప్పే అడోబీ పోస్ట్‌స్క్రిప్ట్ భాష, బల్ల మీదే పేజీ కట్టుకోనిచ్చే ఆల్డస్ పేజ్‌మేకర్. సీసపు అక్షరాలు ఏరి పేర్చే కంపోజింగు గదికి అప్పటినుంచే గడ్డుకాలం. ఆ ఆల్డస్ అన్న పేరు ఎవరిదనుకున్నావు? వెనిస్ నగరంలో అయిదు వందల ఏళ్ల కిందట అచ్చాఫీసు నడిపిన ఆల్డస్ మాన్యూషియస్‌ది. 1994లో ఆ కంపెనీని అడోబీ కొనేసింది గానీ, మన పక్క ప్రెస్సుల్లో పేజ్‌మేకర్ ఆ తర్వాత కూడా ఏళ్ల తరబడి కదల్లేదు.

సరే, అక్షరం సంగతి. దాన్ని చుక్కచుక్కగా దాచిపెడితే పెళ్లికార్డు మీద బాగానే ఉంటుంది, అదే బ్యానరు మీదికి పెంచితే అంచులు మెట్లుమెట్లుగా విరిగిపోతాయి. అందుకని ఫాంటులో చుక్కలుండవు, వంపులను పుట్టించే కొన్ని బిందువులు మాత్రమే ఉంటాయి.

“బిందువుల్లోంచి వంపు ఎట్ల వస్తుంది తాతా?”

కాగితం తీసుకో. క, ఖ, గ అని మూడు చుక్కలు పెట్టు, ఒకే వరసలో ఉండకూడదు. క నుంచి ఖకి, ఖ నుంచి గకి స్కేలుతో గీతలు గియ్యి. రెండు గీతలకీ సరిగ్గా నడుమ చుక్క పెట్టు. ఆ రెండు నడిమి చుక్కలనూ కలుపు. ఆ కలిపిన గీతకి మళ్లీ నడుమ ఒక చుక్క. అదిగో, అది మన వంపు మీదున్న చుక్క. ఇప్పుడు ఎడమ సగం తీసుకో: క, మొదటి నడిమి చుక్క, ఈ కొత్త చుక్క. మళ్లీ మూడే కదా, మళ్లీ అదే పని. కుడి సగానికీ అంతే. నాలుగైదు చుక్కలు పడేసరికి స్కేలు తప్ప ఇంకేమీ వాడని నీ కాగితం మీద నున్నటి వంపు తేలుతుంది. అది క దగ్గర మొదలై గ దగ్గర ఆగుతుంది. ఖని మాత్రం తాకదు, దానివైపు ఒరుగుతుంది అంతే. మీ అవ్వ సంక్రాంతికి వేసే మెలిక ముగ్గు చూడు, గీత చుక్కని ముట్టదు, కానీ చుక్క లేకపోతే ఆ మలుపే లేదు.

ఈ కిటుకు అక్షరాల కోసం పుట్టింది కాదు. ఫ్రాన్సులో సిట్రోయెన్ కార్ల కంపెనీలో పాల్ ద కాస్తెల్‌జో అనే ఆయన 1959లో కనిపెట్టాడు, కారు ఒంటి రేకుల వంపుల్ని అంకెల్లో చెప్పడానికి. కంపెనీ దాన్ని గుట్టుగా ఉంచింది. ఆ తర్వాత రెనో కంపెనీలోని పియేర్ బెజియే తన దారిలో అదే చోటికి చేరి, దాన్ని లోకానికి చెప్పాడు. అందుకే ఇవాళ అందరూ బెజియే వంపులంటారు. ముందు కనిపెట్టినవాడికి పేరు దక్కకపోవడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

ఇది హోసూరులో కూర్చుని చెప్పుకోవలసిన కథే. 1980లో టీవీఎస్ 50 మోపెడ్ బయల్దేరింది ఇక్కడినుంచే. అశోక్ లేలాండ్ లారీలు ఇక్కడివే, టైటాన్ గడియారాలూ ఇక్కడివే. ఈ రోజుల్లో మన సిప్‌కాట్ పారిశ్రామికవాడలో ఏ ఇంజనీరు బండి ట్యాంకు వంపు తెరమీద గీసినా, నువ్వు పెన్ టూల్‌తో ‘అ’ గీసినా, లోపల నడిచే లెక్కలు ఒక కుటుంబానివే.

ట్రూటైప్ ఫాంట్లలో ఒక్కో వంపు ముక్కకి మూడు బిందువులు, నీ కాగితం మీద గీసినట్టే. పోస్ట్‌స్క్రిప్ట్ ఫాంట్లలో నాలుగు. ఇంగ్లీషు ‘ఎల్’, ‘టీ’, ‘హెచ్’ లాంటివాటికి వంపే అక్కర్లేదు, మూలలు చెబితే చాలు. మన లిపికి ఆ వెసులుబాటు లేదు, ఎటు తిరిగినా వంపే. అందుకని సున్నతో మొదలుపెట్టు. బయటి వలయానికి పైన, కింద, కుడి, ఎడమ నాలుగు చుక్కలు, లోపలి వలయానికి నాలుగు. నాలుగు బిందువుల వంపులతో మీటరు వ్యాసార్థం ఉన్న సున్న గీసినా, నిజం వలయానికీ దానికీ తేడా ఎక్కడా మిల్లీమీటరులో మూడోవంతు దాటదు. కొత్తగా నేర్చుకునేవాళ్లు పది చోట్ల క్లిక్ చేసి సున్నని గతుకుల రోడ్డు చేసేస్తారు. చుక్కలు తగ్గించు, అక్షరం నున్నబడుతుంది.

ఇక కూర్పు. ‘లక్ష్మి’ అని టైపు చెయ్యి. కంప్యూటరు దాచుకునేది ఏడు సంకేతాలు: ల, క, పొల్లు, ష, పొల్లు, మ, చివరికి గుడి. అన్నింటికన్నా ఆఖరున కొట్టిన గుడి వెనక్కి నడిచి క నెత్తిన కూర్చోవాలి, ష, మ ఒత్తులై సర్దుకోవాలి. ఈ సర్దుబాటు ఫాంటూ సాఫ్ట్‌వేరూ మాట్లాడుకుని చేస్తాయి. ఇన్‌డిజైన్‌లో వరల్డ్ రెడీ కంపోజర్ పెట్టకపోతే ఆ మాటలు సాగవు, ఒత్తులు దేనికది విడిపోతాయి. డబ్బు పెట్టలేనంటే స్క్రైబస్ ఉచితమే, కొత్త వెర్షన్లు తెలుగుని సరిగ్గానే కూరుస్తాయి. మండలి, రామభద్ర లాంటి సిలికానాంధ్ర ఫాంట్లూ ఉచితమే. మండలి పేజీలోని మామూలు పాఠానికి, రామభద్ర శీర్షికలకి. తారుమారు చేస్తే చదివేవాడి కళ్లకి శిక్ష. పాత అను ఫాంట్ల పద్ధతి వేరు. అక్షరం ముక్కల్ని ఇంగ్లీషు మీటల చోట దాచేవాళ్లు. ఆ ఫాంటు లేని కంప్యూటర్లో తెరిస్తే నీ శుభలేఖ అంతా పిచ్చి ఇంగ్లీషే.

నేను ఎక్కువ పట్టుబట్టేది పంక్తుల మధ్య జాగా గురించి. సాఫ్ట్‌వేర్ తనంతట తాను ఇచ్చేది అక్షరం సైజుకి 120 శాతం, అంటే 10 పాయింట్లకి 12. అది ఇంగ్లీషు కొలత. ‘రాష్ట్రం’ అన్న మాట చూడు, ష కింద ట ఒత్తు, దానికి తోడు ర ఒత్తు. సరిగ్గా దాని కింది పంక్తిలో ‘స్త్రీ’ పడిందనుకో, గుడిదీర్ఘం పైకి లేచి ఆ ఒత్తుల్ని పొడుస్తుంది. 12 పాయింట్ల తెలుగుకి 17, 18 పాయింట్లు ఇవ్వు. కాగితం ఖర్చని షాపువాడు గొణుగుతాడు, గొణగనీ.

మన వైపు పెళ్లికార్డులో తెలుగూ తమిళమూ పక్కపక్కనే ఉంటాయి, బెంగళూరు సంబంధమైతే కన్నడం కూడా. మూడింటికీ 14 పాయింట్లు పెట్టేసి, తెలుగు చిన్నగా కనిపిస్తోందేమని వస్తావు నువ్వు. పాయింటు అంటే అక్షరం ఎత్తు కాదమ్మా, అక్షరం కూర్చునే పెట్టె ఎత్తు. ఒత్తులకి చోటు వదలాలి గనక తెలుగు అక్షరం ఆ పెట్టెలో కుదించుకుని కూర్చుంటుంది. తమిళానికి ఆ ఒత్తుల బెడద లేదు. కాబట్టి అంకెని నమ్మకు. తెలుగు ‘ప’నీ తమిళం ‘ప’నీ పక్కన పెట్టి, కంటికి సమానంగా తోచేదాకా తెలుగు సైజు పెంచు.

ప్రింటుకి 300 డీపీఐ, అంటే అంగుళానికి 300 చుక్కలు అంటారు, ఏమిటికని అడగవేం? అడుగు దూరంలో పెట్టుకున్న కాగితం మీద మామూలు కన్ను విడదీయగలిగే సందు మిల్లీమీటరులో పదోవంతు కన్నా కొంచెం తక్కువ. 300 డీపీఐ చుక్క కూడా అంతే. పది అడుగుల దూరం నుంచి చూసే ఫ్లెక్స్‌కి అందులో పదోవంతు చాలు. ఫ్లెక్స్ షాపువాడు తక్కువ డీపీఐ అడిగితే మోసమని పోట్లాడకు.

రంగుల దగ్గర మాత్రం జాగ్రత్త. తెర వెలుగుని కలిపి రంగు చూపిస్తుంది, సిరా వెలుగుని మింగి చూపిస్తుంది. తెరమీద మెరిసే మన హోసూరు గులాబీ కార్డు మీద కాస్త వాడిపోయే వస్తుంది. ఫైలుని సీఎంవైకే అనే నాలుగు సిరాల పద్ధతిలోకి మార్చి ముందే చూసుకో. అక్షరాలకి ఒక్క నల్లసిరానే వాడు. నాలుగు సిరాలు కలిపిన నలుపైతే, ప్లేట్లు వెంట్రుకవాసి జరిగినా సన్నటి ఒత్తులకి రంగు నీడలు వస్తాయి.

ప్రెస్సుకి పంపేముందు అక్షరాలన్నీ కర్వ్స్‌గా మార్చమంటారు. అప్పుడు అవతలివాళ్ల దగ్గర నీ ఫాంటు లేకపోయినా ఫరవాలేదు, అన్నీ బెజియే వంపులే. కానీ ఒకసారి మార్చాక అది అక్షరం కాదు, బొమ్మ. పెళ్లికూతురి పేరులో ఒత్తు పోయిందని రాత్రి తొమ్మిదింటికి ఫోనొస్తే దిద్దడానికి ఏమీ ఉండదు. అందుకని మార్చని ఫైలు ఇంకొకటి వేరే పేరుతో దాచుకో, సరేనా?