విశేష విన్యాసములు: చేతికి విద్య పట్టు విధము

సెలవు దినములందు మన బాలబాలికలు కంప్యూటరు ముందో, టెలివిజనుకు తగిలించిన ఆటయంత్రము ముందో కూర్చుండి పోరాటపు ఆటలాడుట తల్లిదండ్రులందఱును ఎఱిగినదే. తెరపై ఇద్దఱు యోధులు కలియబడుదురు. ఉన్నట్లుండి ఒకని అరచేతుల నుండి వెలుగుముద్ద యొకటి వెడలి ఎదిరిని పడగొట్టును. పిల్లవాడు కేక వేయును. ప్రక్కనున్న పెద్దలు, ఏదో బొత్తాము నొక్కినాడు, ఏదో వచ్చినది, అని తలంతురు. వాస్తవమునకు ఆ వెలుగుముద్ద ఒక్క బొత్తాముతో వచ్చునది కాదు. దాని వెనుక ఒక క్రమము, ఒక కాలనియమము, పలుదినముల సాధన కలవు. ఆ సాధన యెట్టిదో తెలిసినచో, ఆటను మెచ్చుటకైనను మందలించుటకైనను పెద్దలకు ఆధారము దొరకును. అంతకంటె ముఖ్యముగా, పిల్లవాడు దేనినైనను ఎట్లు నేర్చుకొనునో తెలియవచ్చును. అందుచేత ఈ సంచికలో ఈ విషయమును వివరింప బూనితిమి.

జపాను దేశమునందలి కాప్‌కామ్ సంస్థవారు 1987లో స్ట్రీట్ ఫైటర్ అను ఆటను వెలువరించిరి. సాధారణమైన గుద్దులు, తన్నులు గాక, పిడిని ఒక క్రమములో త్రిప్పి బొత్తాము నొక్కినయెడల వెలువడు విశేష విన్యాసములు అందుండెను. కాని అవి మిక్కిలి కష్టసాధ్యములు. 1991లో వచ్చిన రెండవ ఆటలో వీనిని సామాన్యులకు సాధ్యమగునట్లు సులభపఱచి, ఆటగాడు ఎన్నుకొనుటకు ఎనిమిదిమంది యోధులను ఏర్పఱచిరి. నాణెము వేసి ఆడు యంత్రములపై ఆ యాట లోకమంతటను వ్యాపించినది. 2018లో ఆ పాత యాటలనే ఒక సంకలనముగా మరల వెలువరించుటచే, మూడు దశాబ్దముల క్రిందటి యాట నేటి పిల్లలకును అందుబాటులోనున్నది.

ఆ యాటకు ఒక పిడియు, ఆరు బొత్తాములును ఉండును. బొత్తాములలో మూడు గుద్దులకు, మూడు తన్నులకు. రెండింటను తేలిక, మధ్యమము, బలమైనది యని తరతమములు కలవు. పిడి ఎనిమిది వైపులకు కదలును. దీనిని గ్రహించుటకు మన భూగోళపటము చాలును. పటములో వలె తెరకు పైభాగము ఉత్తరము, క్రింది భాగము దక్షిణము, కుడివైపు తూర్పు, ఎడమవైపు పడమర యనుకొనుడు. మన యోధుడు ఎడమ ప్రక్కన నిలిచి తూర్పుమొగముగా నున్నాడు. పిడిని తూర్పునకు నెట్టినచో ముందునకు నడచును. పడమరకు లాగినచో వెనుకకు నడచును, దెబ్బను కాచుకొనును. దక్షిణమునకు దించినచో కూర్చుండును. ఉత్తరమునకు ఎత్తినచో ఎగురును.

ఇక విన్యాసము. ర్యూ అను యోధుని ప్రసిద్ధమైన వెలుగుముద్దకు హడోకెన్ అని పేరు. తరంగముష్టి యని దాని యర్థము. దీనిని వేయుటకు పిడిని దక్షిణమునకు దించి, అచటినుండి ఆగ్నేయమూల మీదుగా తూర్పునకు జార్చి, తూర్పు చేరిన తక్షణమే గుద్దు బొత్తామును నొక్కవలెను. అనగా చక్రములో నాలుగవ పాలు గీయుట. యోధుడు కుడి ప్రక్కకు మారి పడమటిమొగమైనచో అంతయు అద్దములో వలె తిరుగబడును. అప్పుడు దక్షిణము, నైరృతి, పడమర అని చదువుకొనవలెను.

యంత్రము సెకనుకు సుమారు అఱువది పర్యాయములు పిడి యెచట నున్నదో చూచి గుర్తుంచుకొనును. ఒక స్థానమునుండి మరియొక స్థానమునకు పోవుటకు అట్టి చూపులు కొన్నిటికి మాత్రమే గడువిచ్చును. గడువు మీఱినచో పాత గుర్తు చెఱిగిపోవును. కనుక క్రమము సరియైనను ఆలస్యమైనచో విన్యాసము రాదు. వేగము చాలినను ఒక మూల తప్పినచో రాదు. క్రమము, కాలము అను రెండును కుదిరినప్పుడే ఫలము.

ఇచట గమనింపదగిన విశేష మొకటి కలదు. విన్యాసము రానప్పుడు, దానికి బదులుగా వచ్చినదేదో అదియే తప్పును తెలుపును. యోధుడు కూర్చుండియే గుద్దినచో, పిడి తూర్పు చేరకమునుపే బొత్తాము నొక్కబడినదని యర్థము. నిలుచుండి ఉత్త గుద్దు గుద్దినచో, ఆగ్నేయమూల తప్పినదనియో, చేయి ఆలస్యమైనదనియో తెలియవలెను. గాలిలోనికి ఎగిరినచో, పిడి తూర్పు దాటి ఈశాన్యమునకు పోయినది. ఈ మూడు గుర్తులు తెలిసిన పిల్లవాడు తన తప్పును తానే దిద్దుకొనును. తెలియనివాడు గుడ్డి యెద్దు చేలో పడినట్లు బొత్తాములన్నిటిని బాదుచుండును. ఒకటి రెండుసార్లు ఫలించినను అతనికి విద్య పట్టదు.

ర్యూకు మరియొక విన్యాసము కలదు. దాని పేరు షోర్యుకెన్, అనగా పైకి లేచు డ్రాగన్ యొక్క ముష్టి. దీనికి తూర్పు, దక్షిణము, ఆగ్నేయము అను క్రమములో పిడిని కదల్చి, ఆగ్నేయమున గుద్దు నొక్కవలెను. మొదటిదానికంటె ఇది కష్టము. ఏలయన ఒకసారి తూర్పునకు పోయిన చేతిని వెనుదిరిగి దక్షిణమునకు తెచ్చి, మూలలో నిలుపవలెను. అలవాటుపడిన చేయి మూలలో ఆగక తూర్పునకు జారును. ఒకటి కోరిన మరియొకటి రావచ్చును. పాత యలవాటు క్రొత్త విద్యకు అడ్డుపడుట మనము తరగతిలోను చూచుచునే యున్నాము.

ఇతర యోధుల విన్యాసములు వేరువేరు గుణములను కోరును. గైల్ అను యోధుడు పిడిని సుమారు ఒక సెకను కాలము పడమట పట్టియుంచి, తటాలున తూర్పునకు నెట్టి గుద్దినగాని తన అస్త్రమును వేయలేడు. ఇది ఓర్పు కోరు విన్యాసము. పడమట పట్టియుంచుటయనగా కాచుకొనుటయే గదా. కావున వేచియున్న కాలము వ్యర్థము కాదు, రక్షణయు అందే జరుగుచుండును. జాంగీఫ్ అను మల్లుని పట్టునకు పిడిని ఒక పూర్తి ప్రదక్షిణము త్రిప్పవలెను. త్రోవలో ఉత్తరము తగులును గనుక చేయి మందమైనచో మల్లుడు పట్టుటకు బదులు ఎగురును. చేయి తిరిగినవారు మరియొక పని జరుగుచుండగానే ఆ ప్రదక్షిణమును ముగించి సిద్ధముగా నుందురు. చున్‌లీ తన్నుల పరంపరకును, హోండా యను మల్లుని అరచేతి దెబ్బలకును ఒకే బొత్తామును త్వరత్వరగా పలుమార్లు నొక్కిన చాలును. ఎనిమిదిమందిలో ధాల్‌సిమ్ అనువాడు భారతీయుడు. చేతులు కాళ్లు సాగదీయును, నోట అగ్గి గ్రక్కును. యోగాభ్యాసము చేసినవాని నోట మంటలు వచ్చునా యని మన పెద్దలు నవ్వవచ్చును. అది జపాను చిత్రకారుల కల్పన. అయినను అతని మంటకును పావుచక్రపు సాధనయే మూలము.

విన్యాసము చేతికి వచ్చుటతో విద్య ముగియలేదు. ఎప్పుడు వేయవలెనో తెలియవలెను. తేలిక గుద్దుతో వేసిన వెలుగుముద్ద మెల్లగా పోవును, బలమైన గుద్దుతో వేసినది వేగముగా పోవును. ఒకటి తెరపై నుండగా ర్యూ రెండవది వేయలేడు. వేసిన పిదప కొంతసేపు అతడు కదలలేడు. దగ్గరనుండి వేసినచో ఎదిరి దానిపైనుండి దూకి వచ్చి కొట్టును. కాని తగిన దూరమున వేసినచో, దూకి వచ్చు ఎదిరికి షోర్యుకెన్ సిద్ధముగా నుండును. మొదటిది ఎదిరిని దూకించుటకు, రెండవది దూకినవానిని కొట్టుటకు. మన ప్రాంతమున తమిళులు సిలంబమనియు, మనము కఱ్ఱసాము అనియు చెప్పు విద్యలోను ఇంతే. కఱ్ఱ త్రిప్పుట ఒకటి, ఎదుటివాని అడుగు చూచి త్రిప్పుట మరియొకటి.

ఈ విద్య ఎంతవరకు పోగలదో తెలుపుటకు రెండు నిదర్శనములు చాలును. 2004లో అమెరికాలోని కాలిఫోర్నియాలో జరిగిన ఎవో పోటీలో, జపాను ఆటగాడు దైగో ఉమెహారా యోధునికి ప్రాణము చివరి రేఖయంత మిగిలియుండెను. ప్రత్యర్థియైన జస్టిన్ వాంగ్ పదిహేను దెబ్బల పరంపరను ప్రయోగించెను. మామూలుగా కాచుకొన్నను ఆ కొద్ది ప్రాణము పోవును. దెబ్బ తగులు క్షణమునకే పిడిని ముందునకు తాకించి త్రోసివేయుట యొక్కటే మార్గము. దైగో ఒక్కొక్క దెబ్బను అట్లే త్రోసివేసి, ఎదురుదాడి చేసి గెలిచెను. అయినను ఆ పోటీలో తుదకు ఆయనకు లభించినది రెండవ స్థానమే. అద్భుతమైన విన్యాసము అంతిమ విజయమునకు హామీ కాదు. ఇక రెండవది. 2023లో చైనాలోని హాంగ్‌ఝౌ నగరమున జరిగిన ఆసియా క్రీడలలో స్ట్రీట్ ఫైటర్ ఐదవ యాట పతకముల పోటీగా నుండెను. మన దేశమునుండియు ఆటగాండ్రు పాల్గొనిరి. అందు స్వర్ణపతకము నందినవాడు దక్షిణ కొరియాకు చెందిన కిమ్ గ్వాన్‌వూ. అప్పటికి ఆయన వయస్సు 44 సంవత్సరములు. చేతి వేగము పడుచువారి సొత్తే యనుకొనువారికి ఇది తగిన సమాధానము.

మన యూరివారికి ఇట్టి చేతి విద్య క్రొత్తది కాదు. 1936లో ఏర్పడిన రాజపాళయం మిల్లు మొదలుకొని ఎన్ని నూలుమిల్లులలో మన కుటుంబములవారు పని చేసిరో మనకు తెలియును. తిరుగుచున్న కదురువద్ద తెగిన పోగును అతుకు చేయి పుస్తకము చదివి నేర్చినది కాదు. మెల్లగా చూచి, విడివిడిగా చేసి, తప్పి, మరల చేసి నేర్చినది. పలకపై ఓనమాలు దిద్దిన చేయియు అంతే. అ అక్షరము ఎక్కడ మొదలై ఎటు తిరుగునో తొలుత కన్ను చూచును, పిదప చేయి ఎఱుగును, తుదకు ఆలోచన లేకయే వచ్చును.

ఇపుడు అసలు మాటకు వత్తుము. రెండు లెక్కలు తప్పగానే నాకు రాదని పుస్తకము మూయు బాలుడే, ఒక విన్యాసమునకై వందసార్లు ప్రయత్నించుచున్నాడు. ఇది అతని సోమరితనమునకు గాని, మొండితనమునకు గాని నిదర్శనము కాదు. ఆట అతని తప్పును ఆ క్షణమే చూపుచున్నది. ఏది తప్పెనో గుర్తు తెలుపుచున్నది. తిట్టదు, ప్రక్కయింటి పిల్లవానితో పోల్చదు, మరల చేయుటకు వెంటనే అవకాశమిచ్చును. మన తరగతులలో వ్రాసిన లెక్క వారము గడచినపిదప ఎఱ్ఱ గీతతో తిరిగి వచ్చును. ఏ మెట్టున తప్పెనో బాలునకు తెలియదు. పావుచక్రము నేర్పినట్లు భాగహారమును నేర్పినచో, అనగా మెట్లుగా విడదీసి, తప్పిన మెట్టును అప్పుడే చూపి, అవమానింపక మరల చేయించినచో, ఆ ఓర్పే అచటను కనబడును. ఈ కర్తవ్యము ఉపాధ్యాయులమైన మాకును, ఇంటివద్ద మీకును సమానము.

అయితే ఆటకు లేని గుణమొకటి కలదు. చాలునని అది చెప్పదు. ఆ మాట పెద్దలే చెప్పవలెను. పిడి లేని చిన్న పలకలపై బొటనవ్రేలితోనే త్రిప్పువారికి వ్రేలు నొచ్చును. నొప్పి తోచినచో ఆ దినమునకు ఆపించుడు. సాధనకు కాలపరిమితి పెట్టుడు. పరిమితి లోపల మాత్రము విసుగుకొనక ప్రక్కన కూర్చుండుడు.

కూర్చున్నప్పుడు ఒక చిన్న పరీక్ష చేయుడు. ఆ వెలుగుముద్ద ఎట్లు వేసితివో నాకు చెప్పుము, అని అడుగుడు. పిల్లవాడు మొదట పిడిని చూపి, ఇట్లు, అట్లు, అనును. చేతితో కాదు, మాటతో చెప్పుమనుడు. క్రిందికి దించి, మూలగా జార్చి, ముందునకు తెచ్చి, అప్పుడు నొక్కవలెను, అని మన ఇంటి తెలుగులో వరుస తప్పక చెప్పగలిగిన దినమున, అతని చేతికి పట్టిన విద్య బుద్ధికిని పట్టినదని తెలియవచ్చును. పిదప పిడిని మీరు పుచ్చుకొని అతడు చెప్పినట్లు చేయుడు. మీకు తొలిసారి రాదు. యోధుడు ఉత్తగా ఎగిరి క్రింద పడును. ఏ మూల తప్పినదో అతనినే చెప్పనిండు. గురుస్థానమున కూర్చున్న బాలుడు ఎదుటివాని తప్పును ఎంత ఓర్పుతో దిద్దునో చూచినచో, మఱునాడు అతని లెక్కల పుస్తకము తెఱచునప్పుడు మనకును ఆ యోర్పు కొంత అబ్బును.