తెరమీది నటుడు, తెరవెనుక నటుడు

నటుడు రాజుగనో, సేవకుడుగనో కనిపించుట మన మెరిగినదే. నటుడే నటునిగా కనిపించి, తన వృత్తిలోని పాట్లను తానే నవ్వులపాలు చేసికొనుట మరియొక విధము. టెలివిజన్ హాస్య ధారావాహికలలో ఈ పద్ధతి ప్రసిద్ధమైనది. దీని పుట్టుపూర్వోత్తరములను, దీనివలన మనకు తెలియు విషయములను సంగ్రహముగా విన్నవింతుము.

ఇది మనకు బొత్తిగా క్రొత్త కాదు. సంస్కృత నాటకముల ప్రస్తావనలో సూత్రధారుడును నటియు తామాడబోవు నాటకమును గూర్చియే ముచ్చటించుకొందురు. కూచిపూడి భామాకలాపమున సూత్రధారుడే మాధవి యగుచు, సత్యభామను ప్రశ్నించి నవ్వులు పూయించును. ఆడునది ఆటయేనని గుర్తుచేసినకొలది ప్రేక్షకునకు చనువు పెరుగును.

అమెరికాలో జాక్ బెన్నీ 1932 నుండి రేడియోలోను, 1950 నుండి టెలివిజన్‌లోను తన పేరుగల పాత్రను తానే ధరించెను. ఆ పాత్ర పరమలోభి. ఎన్నేండ్లు గడచినను వయస్సు 39 మాత్రమే. 1948లో రేడియోలో ప్రసారమైన ఒక ఘట్టమున, సొమ్మో ప్రాణమో తేల్చుకొమ్మని దొంగ బెదిరింపగా బెన్నీ పలుకడు. ఆ మౌనమునకే శ్రోతలు విరగబడి నవ్విరి. మాటయే ఆధారమైన రేడియోలో మౌనము నవ్వించుటకు కారణము, ఆ లోభిని వారు ఏండ్ల తరబడి ఎరిగియుండుటయే.

తెలుగున కృష్ణవంశీ దర్శకత్వమున 2002లో వెలువడిన ‘ఖడ్గం’ చలనచిత్రమున ఈ ధోరణి కొంత కానవచ్చును. ప్రధానకథ దేశభక్తి యైనను, అందొక పాయ సినిమా అవకాశమునకై తిరుగు కోటి యను యువకునిది. ఆ పాత్రధారి రవితేజయు అంతకుముందు ఏండ్ల తరబడి చిన్న వేషములు వేసినవాడే. కనుకనే ఆ హాస్యమునకు అనుభవపు బరువు చేకూరినది. అదే చిత్రమున సంగీత ధరించిన పాత్ర కథానాయిక కావలెనని పల్లెనుండి వచ్చి, అవకాశమునకు శీలమునే వెలగా అడుగువారి పాలబడును. అచట మన నవ్వు ఆగిపోవును.

టేకులపల్లి వంటి అడవి అంచు గ్రామములనుండియు పిల్లలు నటులు కాగోరి హైదరాబాదు బస్సు నెక్కవచ్చును. వారిని కసరుట వలన ప్రయోజనము లేదు. పని యెవరిది, కూలి యెంత, ఒప్పందము వ్రాతలో నున్నదా, తోడెవరు—ఈ ప్రశ్నలు అడుగ నేర్పుటయే పెద్దల కర్తవ్యము. నటుడు తన్ను తాను వెక్కిరించుకొనునపుడు మనసారా నవ్వుదము. పిమ్మట అందు కల్పన యెంత, నిజమెంత యని ఇంటిల్లిపాది కూర్చుండి మాటలాడుకొందము.