లివర్‌కు కొవ్వు పట్టడం: అపోహలు – వాస్తవాలు

పెద్దవారి కాలేయం దాదాపు కిలోన్నర తూగుతుంది. దాని కణాల్లో నూటికి ఐదుకు మించిన వాటిలో కొవ్వు బిందువులు చేరితే ఫ్యాటీ లివర్ అంటారు. కొవ్వు నిండేకొద్దీ కాలేయం ఉబ్బి, కుడి పక్కటెముకల కిందికి దిగవచ్చు. కొందరిలో ఇది వాపుగా, ఆ తర్వాత మచ్చలుగా, చివరికి కాలేయం గట్టిపడే సిరోసిస్‌గా మారుతుంది. దేశంలో జరిగిన అధ్యయనాలను కలిపి 2022లో ఎయిమ్స్ వైద్యులు వేసిన లెక్క ప్రకారం పెద్దవారిలో సుమారు 38 శాతం మందికి ఈ సమస్య ఉంది. ఇంత మందికి ఉన్నా, పల్లెల్లోనూ పట్నాల్లోనూ దీనిచుట్టూ అపోహలు తగ్గలేదు.

అపోహ: తాగేవాళ్లకే లివర్ చెడుతుంది. కల్లు చెట్టు నుంచి వచ్చేది కాబట్టి ఏమీ కాదు.

వాస్తవం: మద్యం ఒక పెద్ద కారణం, కానీ ఒక్కటే కారణం కాదు. చుక్క ముట్టనివారిలోనూ మధుమేహం, పొట్ట చుట్టూ కొవ్వు, అధిక ట్రైగ్లిజరైడ్లు, రక్తపోటు ఉంటే కాలేయానికి కొవ్వు పడుతుంది. అందుకే 2023లో అంతర్జాతీయ కాలేయ వైద్య సంఘాలు ‘నాన్ ఆల్కహాలిక్ ఫ్యాటీ లివర్’ అనే పాత పేరును వదిలి, జీవక్రియ లోపాన్ని సూచించే కొత్త పేరు పెట్టాయి. స్టెరాయిడ్లు, మెథోట్రెక్సేట్, టమాక్సిఫెన్ వంటి మందులు కూడా కొందరిలో కారణమవుతాయి. ఇక కల్లు పులిసేకొద్దీ అందులో ఆల్కహాల్ పెరుగుతుంది. అది తాటిచెట్టు నుంచి వచ్చిందా, సీసాలోంచి వచ్చిందా అన్న తేడా కాలేయానికి ఉండదు.

అపోహ: ఇది లావుగా ఉన్న పట్నంవాళ్ల జబ్బు.

వాస్తవం: పట్నంలో ఎక్కువన్న మాట నిజమే. హైదరాబాద్‌లో 345 మంది ఐటీ ఉద్యోగులపై హైదరాబాద్ విశ్వవిద్యాలయం, ఏఐజీ ఆసుపత్రి కలిసి చేసి 2025లో వెలువరించిన అధ్యయనంలో 84 శాతం మంది కాలేయంలో కొవ్వు ఎక్కువగా కనిపించింది. అయితే పశ్చిమ బెంగాల్‌లోని బీర్భూమ్ పల్లెల్లో 2010 నాటి అధ్యయనం మరో సంగతి చెప్పింది. అక్కడ 8.7 శాతం మందికి ఫ్యాటీ లివర్ ఉంటే, వారిలో నాలుగింట మూడు వంతుల మంది బీఎంఐ 25 లోపే. సన్నగా కనిపించే ఒంట్లోనూ పొట్టలోపల కొవ్వు చేరుతుంది. కొందరికి జన్యువుల వల్ల ముప్పు ఎక్కువ. భారతీయులకు బరువుకన్నా నడుము కొలత మంచి గుర్తు: మగవారికి 90, ఆడవారికి 80 సెంటీమీటర్లు దాటితే జాగ్రత్తపడాలి.

అపోహ: నూనె, మాంసం మానేస్తే చాలు.

వాస్తవం: కాలేయంలోని కొవ్వులో తిన్న కొవ్వు నుంచి నేరుగా వచ్చేది ఏడో వంతు మాత్రమే. సుమారు 60 శాతం ఒంట్లో నిల్వ ఉన్న కొవ్వు కరిగి రక్తంలోకి వచ్చి చేరేది. పావు వంతు పిండిపదార్థాలు, చక్కెరల నుంచి కాలేయమే తయారుచేసేది. ఇన్సులిన్ సరిగా పనిచేయనప్పుడు ఈ రెండూ పెరుగుతాయి. ఉదాహరణకు, వనపర్తి జిల్లా కొత్తకోట చుట్టుపక్కల పల్లెల్లో ఒకప్పుడు జొన్నరొట్టె, ఒళ్లు వంచి చేసే పని ఉండేవి. జూరాల, భీమా ప్రాజెక్టుల నీళ్లతో వరి పెరిగింది, ట్రాక్టర్లు వచ్చాయి. మూడు పూటలా అన్నం, చక్కెర చాయ్, కూల్‌డ్రింకులు తీసుకుంటూ కదలిక తగ్గితే, నూనె మానినా కొవ్వు పేరుకుంటుంది.

అపోహ: కార్జం (కాలేయం) చేతికి తగిలితే ఫ్యాటీ లివరే. తగలకపోతే, నొప్పి లేకపోతే ఏమీ లేనట్టే.

వాస్తవం: కాలేయం పెరగడం ఒక లక్షణం, జబ్బు పేరు కాదు. హెపటైటిస్ బి, సి, గుండె బలహీనత, మలేరియా, అమీబా చీము గడ్డ, క్యాన్సర్ గడ్డలు కూడా దాన్ని పెంచుతాయి. ఊపిరితిత్తులు ఉబ్బినవారిలో మామూలు కాలేయమే కిందికి జరిగి చేతికి తగలవచ్చు. మరోవైపు ఫ్యాటీ లివర్ ఉన్న చాలామందికి ఏ బాధా ఉండదు. సిరోసిస్ ముదిరితే కాలేయం కుంచించుకుపోతుంది కూడా. పరిమాణం తగ్గినంత మాత్రాన నయమైనట్టు కాదు.

అపోహ: ఎస్‌జీపీటీ మామూలుగా ఉంటే లివర్ బాగున్నట్టే. స్కానింగ్‌లో గ్రేడ్‌-1 అంటే పట్టించుకోనక్కర్లేదు, గ్రేడ్‌-3 అంటే లివర్ పాడైనట్టే.

వాస్తవం: రక్తపరీక్షలో కనిపించే కాలేయ ఎంజైములు ఎస్‌జీపీటీ, ఎస్‌జీఓటీ మామూలుగా ఉన్నవారిలోనూ కొవ్వు, మచ్చలు ఉండవచ్చు. అల్ట్రాసౌండ్ స్కానింగ్ గ్రేడ్ కొవ్వు ఎంతుందో చెబుతుంది, మచ్చలు ఎంతున్నాయో చెప్పదు. కొవ్వు 20–30 శాతానికి తక్కువైతే స్కానింగ్‌కు దొరకకపోవచ్చు. పైగా మచ్చలు ముదిరేకొద్దీ కొవ్వు తగ్గిపోతుంది కాబట్టి తక్కువ గ్రేడ్ ధీమాకు కారణం కాదు. ప్రాణానికి ముప్పు తెచ్చేవి మచ్చలే.

వాటిని అంచనా వేసే తేలిక లెక్క ఫిబ్-4. వయసును ఎస్‌జీఓటీతో హెచ్చించి, వేలల్లో రాసిన ప్లేట్‌లెట్ల సంఖ్యను ఎస్‌జీపీటీ వర్గమూలంతో హెచ్చించగా వచ్చినదానితో భాగించాలి. 48 ఏళ్ల వ్యక్తికి ఎస్‌జీఓటీ 50, ఎస్‌జీపీటీ 49, ప్లేట్‌లెట్లు 2 లక్షలు అనుకుంటే 2,400ను 1,400తో భాగించాలి. వచ్చేది 1.7. ఈ లెక్క 1.3 లోపు ఉంటే మచ్చల ముప్పు తక్కువ, 2.67 దాటితే ఎక్కువ. మధ్యలో ఉంటే కాలేయం గట్టిదనాన్ని కొలిచే ఫైబ్రోస్కాన్ అవసరం. అందులో 8 కిలోపాస్కల్స్ లోపు వస్తే ముదిరిన మచ్చలు లేవనుకోవచ్చు. 65 ఏళ్లు దాటినవారికి ఫిబ్-4 కింది హద్దు 1.3 బదులు 2. పరీక్షల తర్వాతా సందేహం మిగిలితేనే బయాప్సీ. ఫిబ్-4కు కావలసినవి మామూలు రక్తపరీక్షలే కాబట్టి చిన్న పట్నంలోనూ ఈ వడపోత సాధ్యం. మధుమేహం ఉన్నవారు దీన్ని తప్పక చేయించుకోవాలి.

అపోహ: పసరు, లివర్ టానిక్ కొవ్వును కడిగేస్తాయి.

వాస్తవం: పసరు మందు కొవ్వును కరిగిస్తుందనడానికి ఆధారం లేదు. కోవిడ్ కాలంలో తిప్పతీగ వాడినవారిలో కాలేయం దెబ్బతిన్న సంఘటనలు వైద్య పత్రికల్లో నమోదయ్యాయి. అధిక బరువున్నవారు బరువులో 5 శాతం తగ్గితే కొవ్వు తగ్గుతుంది, 7 నుంచి 10 శాతం తగ్గితే వాపూ తగ్గుతుంది. 70 కిలోల మనిషికి 5 నుంచి 10 శాతం అంటే మూడున్నర నుంచి ఏడు కిలోలు. కడుపు మాడ్చుకుని ఒక్కసారిగా బరువు తగ్గితే కాలేయానికి మరింత హాని జరగవచ్చు కాబట్టి నెలల తరబడి నెమ్మదిగా తగ్గాలి.