ఒంట్లో రక్తం లేని పిల్లవాడు ఒలింపిక్ విజేత అయ్యాడు

"మా వాడికి ఒంట్లో రక్తం లేదన్నారు, ఇక బలంగా ఎదగడేమో" అని తల్లులు మా దగ్గర దిగులుపడుతుంటారు. అలాంటి తల్లులకు మేము బాబ్ మథాయస్ సంగతి చెబుతాము.

బాబ్ 1930 నవంబరు 17న అమెరికాలో కాలిఫోర్నియా రాష్ట్రంలోని టులేరీ పట్టణంలో పుట్టాడు. తండ్రి వైద్యుడు. చిన్నతనంలో బాబ్‌కు రక్తహీనత ఉండేది, త్వరగా అలసిపోయేవాడు. ఐరన్ మాత్రలు, బలమైన ఆహారం, తగిన విశ్రాంతి ఇచ్చి తల్లిదండ్రులు ఓపికగా పెంచారు. క్రమంగా కోలుకుని మంచి ఆటగాడయ్యాడు.

1948లో హైస్కూలు కోచ్ వర్జిల్ జాక్సన్ డెకాథ్లాన్‌లో పాల్గొనమన్నారు. అంటే రెండు రోజుల్లో పరుగులు, దూకుళ్లు, విసుర్లు కలిపి పది పోటీలు. వాటిలో కొన్నింటిని బాబ్ అంతకుముందు ఎన్నడూ ప్రయత్నించలేదు. అయినా కొద్ది నెలల్లోనే లండన్ ఒలింపిక్స్‌కు ఎంపికయ్యాడు. అక్కడ వర్షం, చలి. రెండవ రోజు పోటీలు రాత్రి పొద్దుపోయే వరకు సాగాయి. చివరికి బంగారు పతకం బాబ్‌దే. అప్పటికి వయసు 17 ఏళ్లే. అంత చిన్న వయసులో ఒలింపిక్ డెకాథ్లాన్ గెలిచినవారు ఇంతవరకు మరొకరు లేరు.

1952లో హెల్సింకీలో 7,887 పాయింట్లతో ప్రపంచ రికార్డు నెలకొల్పి మళ్లీ గెలిచాడు. వరుసగా రెండుసార్లు ఈ పతకం పొందిన మొదటి వ్యక్తి ఆయనే. తర్వాత 1967 నుండి 1975 వరకు అమెరికా ప్రతినిధుల సభలో సభ్యునిగా ఉన్నారు. 2006 సెప్టెంబరు 2న కాన్సర్‌తో మరణించారు.

రక్తం పట్టిన ప్రతి బిడ్డా పతకాలు తేవాలని కాదు. హుషారుగా ఆడుకుని, శ్రద్ధగా చదువుకుంటే చాలు. బిడ్డ పాలిపోయినా, ఆడకుండా కూర్చుంటున్నా, మట్టి తింటున్నా సోమరి అని తిట్టకండి. రక్తపరీక్ష చేయించండి. ఐరన్ లోపమా, కడుపులో పురుగులా, మరేదైనా జబ్బా అన్నది డాక్టరు తేలుస్తారు. రాగులు, ఆకుకూరలు, గుడ్లు, కుదిరితే వారానికోసారి కొద్దిగా లివర్ పెట్టండి. ఆకుకూరలో నిమ్మరసం పిండండి. భోజనం కాగానే టీ ఇవ్వకండి. చెప్పులు లేకుండా బయటకు పంపకండి.

మాత్రలు వేసుకుంటే విరేచనం నల్లగా వస్తుంది, భయపడవద్దు. ముఖం కళకళలాడగానే మానేయకండి, డాక్టరు చెప్పినన్ని నెలలు వాడండి. ఆ సీసా మాత్రం పసిపిల్లలకు అందకుండా ఎత్తులో పెట్టండి. ఎక్కువ మింగితే ప్రాణాపాయం.

బాబ్ తల్లిదండ్రులు చేసింది కూడా ఇదే: దిగులుపడి ఊరుకోకుండా, విసుగు లేకుండా వైద్యం చేయించారు.