ఐసు చల్లనిదే... మరి యంత్రం శుభ్రమైనదేనా?

గడ్డకట్టించినంత మాత్రాన నీరు శుద్ధి కాదు. ఇంటి ఐస్‌మేకర్‌కు వారానికోసారి శుభ్రత తప్పనిసరి

విశాఖపట్నం: వేసవి వచ్చిందంటే విశాఖవాసులను ఎండకన్నా ఉక్కపోతే ఎక్కువగా బాధిస్తుంది. మజ్జిగలోనో, నిమ్మరసంలోనో రెండు ఐసుముక్కలు పడితే తప్ప ప్రాణం కుదుటపడదు. ఒకప్పుడు ఫ్రిజ్‌లోని చిన్న ట్రేకే పరిమితమైన ఐసు ఇప్పుడు వంటింటి గట్టుపై ఇమిడే చిన్న యంత్రంలో పది నిమిషాలకొక విడతగా తయారవుతోంది. సౌకర్యం పెరిగింది కానీ శుభ్రత విషయంలో అంత శ్రద్ధ కనిపించదు. చలికి క్రిములు చచ్చిపోతాయన్న అపోహే ఇందుకు ప్రధాన కారణం. మురికి పట్టిన యంత్రంలో తయారైన ఐసు చంటిపిల్లలకు, వృద్ధులకు, గర్భిణులకు అతిసారం వంటి వ్యాధులను తెచ్చిపెట్టగలదు.

చేపల ఐసు వేరు, తాగే ఐసు వేరు

ఐసు విలువ ఏమిటో రేవు పట్టణమైన విశాఖకు తెలిసినంతగా మరో ఊరికి తెలియదు. వేటకు బయలుదేరే ప్రతి మరపడవా ఐసు నింపుకునే ఫిషింగ్ హార్బర్ విడుస్తుంది. ఐసు ఫ్యాక్టరీలలో అమ్మోనియాతో చల్లబరచిన ఉప్పునీటి తొట్టెలలో లోహపు డబ్బాలను ముంచి, వాటిలోని నీటిని పెద్ద దిమ్మలుగా గడ్డకట్టిస్తారు. చేపలను నిల్వ చేసేందుకు ఉద్దేశించిన దిమ్మలను నేలపై దొర్లించడం, గోనెపట్టాలు కప్పి తరలించడం మామూలే. అటువంటి ఐసు చెరకు రసంలోనో, షర్బత్‌లోనో చేరితే ప్రమాదమే. అందుకే తినడానికి ఉద్దేశించని ఐసును గుర్తించేందుకు వీలుగా దానికి నీలిరంగు కలపాలని భారత ఆహార భద్రత, ప్రమాణాల సంస్థ 2018లో ఆదేశించింది.

బయటి ఐసుపై అనుమానంతోనే పలువురు ఇంట్లో యంత్రం కొనుక్కుంటున్నారు. అయితే ఆ యంత్రాన్ని కడగకుండా వదిలేస్తే బయటి ప్రమాదాన్ని ఇంట్లోకి తెచ్చుకున్నట్టే.

చలికి చావని క్రిములు

చలి క్రిములను నిద్రపుచ్చుతుందే తప్ప పూర్తిగా నిర్మూలించదు. టైఫాయిడ్ కలిగించే బాక్టీరియాను గడ్డకట్టించి అమెరికా శాస్త్రవేత్తలు సెడ్జ్‌విక్, విన్‌స్లో 1902లో ప్రయోగ ఫలితాలు వెల్లడించారు. గడ్డకట్టిన నీటిలో చాలా వరకు క్రిములు క్రమంగా నశించినా, కొన్ని మాత్రం వారాల తరబడి బతికే ఉన్నాయని అందులో తేలింది. వైరస్‌లు చలిని ఇంకా బాగా తట్టుకుంటాయి. 1987లో అమెరికాలోని పెన్సిల్వేనియా రాష్ట్రంలో వరదనీరు చేరిన బావుల నీటితో ఒక కర్మాగారం ఐసు తయారు చేసింది. ఆ ఐసు వాడిన పలు ప్రాంతాల వారు వాంతులు, విరేచనాలతో బాధపడ్డారు. నీరు ఎలాంటిదో ఐసూ అలాంటిదేనని ఈ ఉదంతం స్పష్టం చేస్తోంది.

మురికి ఎక్కడ చేరుతుంది?

ఇంటి ఐస్‌మేకర్‌లో అడుగున నీటి తొట్టి, దానిలో చిన్న పంపు ఉంటాయి. పంపు నీటిని పైనున్న పళ్లెంలోకి ఎక్కిస్తుంది. కంప్రెసర్ చల్లబరచిన లోహపు వేళ్లు ఆ నీటిలో మునిగి ఉండగా వాటి చుట్టూ ఐసు కడుతుంది. కొద్ది నిమిషాల తరువాత ఆ వేళ్లలోకి వేడి వాయువును పంపడంతో ఐసుముక్కలు జారి బుట్టలో పడతాయి. ఈ చిన్న యంత్రాలలో చాలావాటికి ఐసును గడ్డగా నిలిపి ఉంచే శక్తి లేదు. బుట్టలో కరిగిన నీరు తిరిగి తొట్టిలోకే చేరి మళ్లీ ఐసుగా మారుతుంది.

అసలు సమస్య ఇక్కడే ఉంది. నీరు గడ్డకట్టేటప్పుడు స్వచ్ఛమైన నీరే ముందుగా ఐసుగా మారుతుంది. లవణాలు, మలినాలు మిగిలిన నీటిలోనే ఉండిపోతాయి. అదే నీరు రోజుల తరబడి తిరుగుతూ ఉంటే లవణాలు అంతకంతకూ చిక్కబడి తొట్టికి, పంపుకు, లోహపు వేళ్లకు తెల్లటి సున్నపు పొరగా పట్టుకుంటాయి. గరుకైన ఆ పొరపై జిగురు, పాచి సులువుగా చేరతాయి. ఉక్కు కర్మాగారాలలో సైతం చల్లబరచే గొట్టాలకు ఇటువంటి పొర కట్టకుండా నీటిని ముందుగానే శుద్ధి చేసి వాడతారన్నది గమనార్హం.

విశాఖలో మరింత జాగ్రత్త

కుళాయి నీటితో పాటు బోరు నీటిపైనా ఆధారపడే అపార్టుమెంట్లు నగరంలో అనేకం. తాగునీటి భారతీయ ప్రమాణం ప్రకారం నీటి కఠినత్వం లీటరుకు 200 మిల్లీగ్రాములకు మించకుండా ఉండాలి. వేరే నీరు దొరకనప్పుడు మాత్రమే 600 మిల్లీగ్రాముల వరకు అనుమతిస్తారు. కఠినత్వం పెరిగిన కొద్దీ యంత్రంలో పొర త్వరగా కడుతుంది.

ఆర్వో నీరు పోస్తే ఈ బెడద తగ్గుతుంది. అయితే ఆర్వో యంత్రంలోని బొగ్గు వడపోత నీటిలోని క్లోరిన్‌ను తొలగిస్తుంది. క్రిములను అదుపులో ఉంచే క్లోరిన్ లేకపోవడం వల్ల ఆ నీరు తొట్టిలో నిలిచిపోతే జిగురు ఇంకా త్వరగా పెరుగుతుంది. కనుక ఆర్వో నీరు వాడేవారికి కూడా శుభ్రత తప్పదు. సముద్రపు తేమగాలికి మూత అంచులలో బూజు పట్టడం, ఉప్పుగాలికి వెనుకనున్న లోహభాగాలు తుప్పు పట్టడం తీరప్రాంతంలో అదనపు సమస్యలు.

శుభ్రం చేసే విధానం

రోజూ వాడే యంత్రాన్ని వారానికోసారి కడగాలి. రెండు మూడు వారాలకోసారి సున్నపు పొర తొలగించాలి. బోరు నీరు వాడేవారు ఇంకా తరచుగా చేయడం మంచిది.

* ముందుగా ప్లగ్ తీసివేయాలి. బుట్టలోని ఐసును పారబోయాలి. అడుగున లేదా పక్కన ఉండే బిరడా తీసి తొట్టిలోని నీటిని పూర్తిగా వంపేయాలి.

* బుట్ట, ఐసు తీసే గరిటెను గోరువెచ్చని సబ్బునీటితో కడగాలి. తొట్టి లోపలి భాగాన్ని, మూత అంచులను మెత్తని గుడ్డతో తుడవాలి. మూలలకు సీసాలు కడిగే బ్రష్ ఉపయోగపడుతుంది. ఇనుప పీచు వాడితే గీతలు పడి, వాటిలో మురికి చేరుతుంది.

* పొర తొలగించేందుకు లీటరు నీటిలో ఒక పెద్ద చెంచా నిమ్మ ఉప్పు కరిగించి తొట్టిలో పోయాలి. తెల్ల వెనిగర్, నీరు సమపాళ్లలో కలిపి కూడా పోయవచ్చు. శుభ్రపరిచే మీట ఉన్న యంత్రమైతే దానిని నొక్కాలి. లేనిపక్షంలో రెండు మూడు విడతలు ఐసు చేయించి, ఆ ఐసును పారబోయాలి.

* తరువాత మంచినీటితో కనీసం రెండుసార్లు ఇదే విధంగా నడిపి, నీటినీ ఐసునూ పారబోయాలి. పుల్లని వాసన పూర్తిగా పోయేవరకు కడగడం అవసరం.

* చివరగా బిరడా తీసి, మూత తెరిచి ఉంచి పూర్తిగా ఆరనివ్వాలి. తడి ఆరకుండా మూత వేస్తే బూజుకు తావిచ్చినట్టే.

రోజూ పడుకునే ముందు తొట్టిలో మిగిలిన నీటిని వంపేసి, మర్నాడు కొత్త నీరు పోసుకుంటే సగం సమస్య తీరుతుంది. ఐసును చేతితో కాక గరిటెతోనే తీయాలి. కడిగిన చేయి తగిలిన ఐసుకూ, కడగని చేయి తగిలిన ఐసుకూ ఎంతో తేడా ఉంటుంది.

ఇవి చేయరాదు

వెనిగర్‌నుగానీ నిమ్మ ఉప్పునుగానీ బ్లీచింగ్ ద్రావణంతో ఎట్టి పరిస్థితుల్లోనూ కలపరాదు. వాటి కలయికతో వెలువడే క్లోరిన్ వాయువు ఊపిరితిత్తులకు హానికరం. గాలి ఆడని చిన్న వంటింట్లో ఇది ప్రాణాల మీదకు తేవచ్చు. యంత్రంతో పాటు ఇచ్చిన పుస్తకంలో అనుమతి ఉంటేనే బ్లీచింగ్ వాడాలి. అదీ పొర తొలగించి, మంచినీటితో బాగా కడిగిన తరువాతే.

తొట్టిలో మరిగే నీరు పోస్తే ప్లాస్టిక్ భాగాలు, పంపు పాడవుతాయి. వెనుక, పక్కల జానెడు ఖాళీ వదలకుండా గోడకు ఆనించి పెడితే వేడి బయటకు పోదు. ఐసు పలచగా తయారవుతుంది. వెనుక జాలీపై పేరుకున్న దుమ్మును నెలకోసారి పొడి బ్రష్‌తో దులపాలి. యంత్రాన్ని ఆపిన వెంటనే తిరిగి వేయకుండా అయిదు నిమిషాలు ఆగితే కంప్రెసర్‌పై భారం పడదు.

ఫ్రిజ్ ట్రేలకూ ఇదే సూత్రం

ఐస్‌మేకర్ లేని ఇళ్లలోనూ జాగ్రత్తలు అవసరం. ఫ్రీజర్ ట్రేలపై మూత ఉండాలి. పచ్చి చేపలు, మాంసం ఉంచిన అరలో వాటిని ఉంచరాదు. నెల దాటిన ఐసును పారబోసి, ట్రేలను సబ్బుతో కడిగి, ఆరబెట్టి వాడుకోవాలి. ఫ్రిజ్‌లోనే ఐస్‌మేకర్ ఉన్నవారు నీటి ఫిల్టర్‌ను తయారీదారు చెప్పిన గడువుకు మార్చాలి. సాధారణంగా అది ఆరు నెలలు.

కరెంటు పోతే...

2014 అక్టోబర్ 12న తీరం దాటిన హుద్‌హుద్ తుపాను ధాటికి నగరంలో రోజుల తరబడి విద్యుత్తు, నీటి సరఫరా నిలిచిపోయిన సంగతి విదితమే. అటువంటి సమయాలలో యంత్రంలో నిలిచిన నీటిని, కరిగి మళ్లీ గడ్డకట్టిన ఐసును వాడరాదు. సరఫరా తిరిగి మొదలైన తరువాత కొద్ది రోజులు నీటిని కనీసం ఒక నిమిషం మరగబెట్టి, చల్లార్చి, ఆ నీటితోనే ఐసు చేసుకోవాలి. అంతకు ముందే యంత్రాన్ని పూర్తిగా కడగడం మరువరాదు.

ఐసులో వాసన వచ్చినా, మబ్బు రంగులో పలుకులు కనిపించినా, తొట్టి అడుగు వేలికి జిగురుగా తగిలినా అది హెచ్చరికగా భావించి యంత్రాన్ని వెంటనే ఆపాలి. వారానికి అరగంట కేటాయించి ఈ పని చేసుకుంటే పిల్లల గ్లాసులో పడే ఐసు నిశ్చింతగా చల్లదనాన్నిస్తుంది.