బాలల చేతి కెమేరా

బాలల కొఱకు పెద్దలు వ్రాసిన కథలు తెలుగున కొల్లలుగా కలవు. బాలలు తామై చెప్పిన కథలు మాత్రము అరుదు. వ్యాసపుస్తకములో విద్యార్థి వ్రాయునది పలుమారులు తన మాట కాదు. పరీక్షకునకు నచ్చునని ఎవరో చెప్పిన మాట. అట్టి విద్యార్థి చేతికి కెమేరా నిచ్చి, ‘నీవు చూచినది మాకు చూపుము’ అని ప్రభుత్వమే పిలుచుట విద్యారంగమున చిన్న విషయము కాదు.

ఈ పిలుపునకు ఒక చరిత్ర కలదు. 1955లో కేంద్ర సమాచార ప్రసార మంత్రిత్వశాఖ ఆశ్రయమున బాలల చలనచిత్ర సంఘము ఏర్పడెను. హృదయనాథ్ కుంజ్రూ దాని తొలి అధ్యక్షుడు. ఐక్యరాజ్యసమితి అంతర్జాతీయ బాలల సంవత్సరముగా ప్రకటించిన 1979లో ఆ సంఘము అంతర్జాతీయ బాలల చిత్రోత్సవమునకు శ్రీకారము చుట్టినది. రెండేండ్ల కొకమారు జరుపదలచిన ఈ ఉత్సవమునకు పిదప హైదరాబాదు స్థిరవేదిక యైనది. ఉత్తమ చిత్రములకు బహుమతి స్వర్ణగజము. పిల్లలు అచట ప్రేక్షకులుగా మాత్రమే మిగిలిపోలేదు. న్యాయనిర్ణేతలుగా కూర్చుండిరి. వారు తీసిన లఘుచిత్రముల కొఱకు ‘లిటిల్ డైరెక్టర్స్’ అను ప్రత్యేక విభాగమే వెలసెను. 2017 నవంబరు 8 మొదలు 14 వరకు జరిగిన 20వ ఉత్సవమున ఆ విభాగములో పోటీ నడచినది.

ఇట్టి పిలుపు అనంతపురపు పీఠభూమిలోని ఒక పల్లె బడికి చేరినచో, అచటి పిల్లలు ఏమి చూపగలరు? ఆ సీమకు ఏటి సగటు వర్షపాతము 550 మిల్లీమీటర్లకు అటునిటు. నైరృతి మేఘములను పడమటి కనుమలే చాలవరకు పిండివేయును. ఈశాన్య ఋతుపవనము తీరము నుండి ఇంతదూరము వచ్చుసరికి బలము కోల్పోవును. ఆ కొద్ది వానను నమ్మి సెనక్కాయ విత్తిన రైతు, ఊడలు దిగు వేళ చినుకు కొఱకు ఆకాశము వంక చూచును. భూగోళపాఠమున నిది నాలుగు పంక్తులు. ఇంటనున్న బాలికకు ఇది అవ్వ నిట్టూర్పు, నాయన మౌనము, బెంగుళూరు బస్సెక్కిన అన్న విడిచిపోయిన పాత చెప్పులు.

బొమ్మనహాళ్ మండలమున దర్గా హొన్నూరు పరిసరములలో, ఎండిన వేదవతి ఇసుక గాలికి లేచి పొలములపై దిబ్బలు పోయుచున్నది. రాజస్థానమునకు పోవు వ్యయము తప్పించుకొనుటకై ఇచటనే ఎడారి దృశ్యములు తీసికొనిన సినిమావారును కలరు. వారికి ఆ ఇసుక అలంకారము; ఆ యూరి బాలునకు తాత దున్నిన చేను. ఒకే దిబ్బను చూచు రెండు చూపులకు ఎంత అంతరము!

తెరయు వెలుగును ఈ సీమకు క్రొత్తవి కావు. ధర్మవరమునకు చేరువనున్న నిమ్మలకుంట తోలుబొమ్మలకు పేరెన్నిక గన్నది. తెల్లని తెర వెనుక దీపముంచి, మేకతోలు బొమ్మలను కదలించి రామాయణ భారతములను పలికించిన వంశములు అచట కలవు. ఆ కళాకారులలో నొకరైన దళవాయి చలపతిరావును 2020లో పద్మశ్రీ వరించినది. 1957లో ‘మాయాబజార్’ను తెరకెక్కించిన కె. వి. రెడ్డి 1912లో తాడిపత్రిలో జన్మించినవాడే.

అయినను కెమేరా చేతికందినంతనే చూపు అలవడదు. ‘చెట్లు నాటుడు, నీరు పొదుపు చేయుడు’ అను నినాదమును పిల్లలచే వల్లింపజేసి తీసిన చిత్రము, గోడమీది వ్రాతను కదలించుటయే యగును. ఇరాను దేశమున 1965లో బాలల, యువజనుల మేధావికాసమునకై ఒక సంస్థ నెలకొన్నది. ఆ సంస్థ పక్షమున 1970లో అబ్బాస్ కియరొస్తమీ తీసిన తొలి లఘుచిత్రమున కథ యెంత? రొట్టె కొని యింటికి పోవు బాలునకు సందులో కుక్క యడ్డము వచ్చును. అంతియే. తీసినది పెద్దవాడే యైనను, ఆ భయము బాలునిదే. ఆ సందు బాలుని కన్నెత్తున కనిపించునదే. చిన్న సంగతి చాలునని ఉపాధ్యాయులు దీనివలన గ్రహింపవచ్చును.

కావున విషయమును పిల్లలనే ఎన్నుకొననీయవలెను. నీటి ట్యాంకరు కొఱకు వరుస కట్టిన బిందెలలో తమ బిందె నెవరు వెనుకకు జరిపిరో వారికి తెలియును. పాత్రలచే పుస్తకభాష పలికింపరాదు. అనంతపురపు యాసను దిద్దబోయినచో మాటతో పాటు మనిషియు మాయమగును. ఒకరి లేమిని చిత్రించునపుడు వారి సమ్మతి గొనుట మఱవరాదు. ఐదు నిమిషముల చిత్రమునకు ఈ మర్యాద నేర్చిన విద్యార్థి, పదిపాఠముల సాంఘికశాస్త్రము నేర్చినట్లే.

ఉత్సవమును నడపిన బాలల చలనచిత్ర సంఘము 2022 మార్చిలో జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థలో విలీనమైనది. సంస్థల పేర్లు మారవచ్చును. రాజధానినుండి పిలుపు ఒక యేడు రావచ్చును, ఒక యేడు రాకపోవచ్చును. దానికై బడి వేచియుండ నక్కఱలేదు. ఉపాధ్యాయుని మొబైల్ ఫోను, బడిగోడకు కట్టిన తెల్లని పంచె, ఒక సాయంకాలము ఉన్నచో చాలును. పల్లెవారు నేల కూర్చుండి తమ బిడ్డలు తీసిన తమ యూరిని చూతురు. బహుమతి ఆ పిమ్మట వచ్చినను రాకున్నను, చెప్పవలసిన వారికి చెప్పవలసినది చేరియే యుండును.