యుద్ధకాలంలో సేనాధిపతుల ఎంపిక – తొలగింపు: అమెరికా అనుభవ పరిశీలన

వ్యాససంగ్రహం:
శాంతికాలంలో సమర్థుడని పేరొందిన అధికారి యుద్ధరంగంలోనూ సమర్థుడవుతాడని ముందుగా నిర్ధారించడం కష్టం. అమెరికా అంతర్యుద్ధంలోను, రెండవ ప్రపంచయుద్ధంలోను జనరళ్ల ఎంపిక ఏ ప్రాతిపదికలపై జరిగిందో, వారు ఎలా రాణించారో ఈ వ్యాసం పరిశీలిస్తుంది. సరైన వ్యక్తిని తొలిసారే ఎన్నుకోవడం కంటే, తప్పు ఎంపికను త్వరగా సరిదిద్దుకోవడమే ఫలితాలను ఎక్కువగా నిర్ణయించిందని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: సేనాధిపత్యం, అంతర్యుద్ధం, లింకన్, జార్జ్ మార్షల్, సీనియారిటీ, తొలగింపు.

1. ఉపోద్ఘాతం:
మహాభారతంలో కౌరవపక్షాన భీష్ముడు, ద్రోణుడు, కర్ణుడు, శల్యుడు వరుసగా సేనాధిపతులయ్యారు. ఒకరు కూలిన తరువాతనే మరొకరికి అభిషేకం జరిగింది. పాండవులను చంపనని భీష్ముడు ముందే స్పష్టం చేసినా దుర్యోధనుడు అతడిని తప్పించలేకపోయాడు. వయస్సు, వంశగౌరవం, పూర్వకీర్తి ఎంపికకు కారణాలయ్యాయి. అవే తొలగింపుకు అడ్డంకులూ అయ్యాయి.

ఆధునిక రాజ్యాల సైన్యాలకూ ఈ చిక్కు తప్పలేదు. సేనాధిపతిని ఏ ప్రాతిపదికపై ఎన్నుకోవాలి? ఎంపిక తప్పని తేలితే ఎంత త్వరగా సరిదిద్దాలి? ఇతర వృత్తులలో తప్పు నియామకానికి మూల్యం పనిలో జాప్యమో, ధననష్టమో కావచ్చు. సైన్యంలో ఆ మూల్యాన్ని నియామకంలో ఏ ప్రమేయమూ లేని సామాన్య సైనికుడు ప్రాణంతో చెల్లిస్తాడు. ఈ చర్చకు ప్రాధాన్యం అక్కడి నుంచే వస్తుంది.

2. అంతర్యుద్ధం – రాజకీయ అవసరాలు:
1861లో అంతర్యుద్ధం మొదలయ్యేనాటికి అమెరికా స్థిరసైన్యంలో సుమారు 16,000 మంది మాత్రమే ఉన్నారు. లక్షలాది స్వచ్ఛంద సైనికులను నడిపించడానికి శిక్షణ పొందిన అధికారులు చాలలేదు. పైగా అధ్యక్షుడు అబ్రహాం లింకన్‌కు యుద్ధం గెలవడంతోపాటు యుద్ధానికి ప్రజామద్దతు నిలబెట్టుకోవడం కూడా అవసరమైంది. అందుకే మసాచుసెట్స్ డెమొక్రాట్ నాయకుడు బెంజమిన్ బట్లర్, ప్రతినిధుల సభ మాజీ స్పీకర్ నథానియల్ బ్యాంక్స్, జర్మన్ వలసదారులలో పలుకుబడి గల ఫ్రాంజ్ సీగెల్ వంటివారు జనరళ్లయ్యారు.

వీరి నియామకాల వల్ల సైన్యంలో చేరికలు పెరిగాయి. యుద్ధరంగంలో మాత్రం ఫలితాలు నిరాశపరిచాయి. 1864లో బ్యాంక్స్ నడిపిన రెడ్ రివర్ దండయాత్ర విఫలమైంది. అదే సంవత్సరం మే నెలలో న్యూ మార్కెట్ వద్ద సీగెల్ ఓడిపోయాడు. బట్లర్‌ను తప్పించడం 1864 నవంబరు అధ్యక్ష ఎన్నికలు ముగిసిన తరువాత, 1865 జనవరిలో గానీ జరగలేదు.

అయితే రాజకీయ నియామకాలన్నీ చెడ్డవని, సైనిక విద్య ఒక్కటే ప్రమాణమని నిర్ధారించడం సరికాదు. మెక్లెలన్, బర్న్‌సైడ్, హుకర్ ముగ్గురూ వెస్ట్ పాయింట్ సైనిక విద్యాలయ పట్టభద్రులే. మెక్లెలన్ సైన్యాన్ని చక్కగా తీర్చిదిద్దాడు. దానిని యుద్ధంలోకి దించడానికి మాత్రం వెనుకాడాడు. 1862 డిసెంబరులో ఫ్రెడరిక్స్‌బర్గ్ వద్ద బర్న్‌సైడ్ నాయకత్వంలో 12,000 మందికి పైగా మరణించడమో, గాయపడడమో, గల్లంతు కావడమో జరిగింది. 1863 మే నెలలో ఛాన్సలర్స్‌విల్ వద్ద హుకర్ ఓడిపోయాడు. గెటిస్‌బర్గ్ యుద్ధానికి కేవలం మూడు రోజుల ముందు, జూన్ 28న, జార్జ్ మీడ్‌కు సేనాధిపత్యం దక్కింది.

చివరకు 1864 మార్చిలో సర్వసేనల బాధ్యతను స్వీకరించిన యులిసెస్ గ్రాంట్ 1854లోనే సైన్యానికి రాజీనామా చేసినవాడు. 1861లో ఇల్లినాయ్ రాష్ట్రంలోని గలీనాలో తమ కుటుంబపు తోలు సామగ్రి దుకాణంలో పనిచేస్తున్నాడు. అతడు బ్రిగేడియర్ జనరల్ కావడానికి ప్రతినిధుల సభ సభ్యుడు ఎలైహు వాష్‌బర్న్ సిఫారసు తోడ్పడింది. అంటే సీగెల్‌ను తెచ్చిన రాజకీయ మార్గమే గ్రాంట్‌నూ తెచ్చింది. ఇద్దరి మధ్య భేదాన్ని యుద్ధమే తేల్చింది. లింకన్ నేర్పు ముందుగా గుర్తించడంలో కంటే, విఫలులను ఒక్కొక్కరిగా మారుస్తూ సమర్థుడు కనిపించేవరకు వెతకడంలో ఉంది.

3. మార్షల్ సంస్కరణలు:
జార్జ్ మార్షల్ 1939 సెప్టెంబరు 1న అమెరికా సైన్యాధ్యక్షుడయ్యాడు. ఐరోపాలో రెండవ ప్రపంచయుద్ధం ప్రారంభమైన రోజూ అదే. అప్పటికి 2 లక్షలకు లోపున్న సైన్యం 1945 నాటికి వైమానిక దళాలతో కలిపి 80 లక్షలు దాటింది. ఈ విస్తరణకు వందలాది కొత్త జనరళ్లు కావలసివచ్చారు. కాని కర్నల్ హోదా వరకు పదోన్నతులు సీనియారిటీ ప్రకారమే జరిగేవి. ఫలితంగా శారీరక శ్రమకు తట్టుకోలేని వయస్సులో అధికారులకు సేనలు చేతికి వచ్చేవి.

ఈ అడ్డంకిని మార్షల్ రెండు విధాలుగా తొలగించాడు. సీనియారిటీతో నిమిత్తం లేకుండా తాత్కాలిక పదోన్నతులు ఇచ్చే అధికారాన్ని చట్టసభ నుంచి సాధించాడు. 1941లో మాజీ సైన్యాధ్యక్షుడు మాలిన్ క్రెయిగ్ నేతృత్వంలో విశ్రాంత అధికారుల సంఘాన్ని ఏర్పరచి, పనికిరారని తేలిన అధికారులను పదవీ విరమణ చేయించాడు. అదే సంవత్సరం లూసియానాలో సుమారు 4 లక్షల మందితో జరిగిన యుద్ధవిన్యాసాలు అధికారులకు కూడా పరీక్షగా నిలిచాయి.

మార్షల్ ఎంపికకు మరొక ఆధారం ప్రత్యక్ష పరిచయం. 1927–32 మధ్య అతడు ఫోర్ట్ బెన్నింగ్ పదాతిదళ పాఠశాలలో బోధన వ్యవహారాలు చూశాడు. అసంపూర్ణమైన పటాలు, అనుకోని పరిస్థితులు ఇచ్చి అధికారుల నిర్ణయశక్తిని పరీక్షించేవాడు. అక్కడ బోధకులుగా ఉన్న ఒమర్ బ్రాడ్లీ, జోసెఫ్ స్టిల్‌వెల్, లాటన్ కాలిన్స్ తరువాత ప్రముఖ సేనానులయ్యారు. డ్వైట్ ఐసెన్‌హోవర్‌కు ఈ పరిచయం అంతగా లేదు. 1941 డిసెంబరులో మార్షల్ అతడిని వాషింగ్టన్‌కు రప్పించి, పసిఫిక్ పరిస్థితిని వివరించి, ఏమి చేయాలో చెప్పమన్నాడు. కొన్ని గంటల వ్యవధి కోరిన ఐసెన్‌హోవర్ ఆస్ట్రేలియాను స్థావరంగా చేసుకోవాలని సూచించాడు. అప్పటికి అతడు యుద్ధంలో సేనను నడిపినవాడు కాడు. అయినా రెండేళ్లలో ఐరోపాలో మిత్రరాజ్యాల సర్వసేనాధిపతిగా నియమితుడయ్యాడు.

4. తొలగింపు – పునరవకాశం:
ఇంత జాగ్రత్త వహించినా మార్షల్ ఎంపికలు పొరపాట్లకు అతీతం కాలేదు. అతడి ఆదరణ పొందిన లాయిడ్ ఫ్రెడెన్‌డాల్ 1943 ఫిబ్రవరిలో ట్యునీషియాలోని కాసరీన్ కనుమ వద్ద విఫలమయ్యాడు. యుద్ధరేఖకు చాలా దూరంగా, భూగర్భంలో తవ్వించుకున్న కేంద్రం నుంచి ఆజ్ఞలివ్వడం అతడిపై వచ్చిన ప్రధాన విమర్శ. మార్చిలో అతడి స్థానంలోకి జార్జ్ ప్యాటన్ వచ్చాడు.

నార్మండీలో 90వ డివిజన్ చరిత్ర మరింత బోధకం. 1944 జూన్, జులై నెలల్లో ఈ డివిజన్ భారీ నష్టాలతో తడబడింది. దానిని విడదీసి సైనికులను ఇతర దళాలకు పంచాలన్న ఆలోచన కూడా వచ్చింది. రెండు నెలల లోపే మెక్‌కెల్వీ, లాండ్రమ్ అనే ఇద్దరు సేనానులను తప్పించారు. మూడవవాడు రేమండ్ మెక్లెయిన్. అతడు వెస్ట్ పాయింట్‌లో చదవలేదు. ఓక్లహామా నేషనల్ గార్డ్ నుంచి వచ్చిన బ్యాంకు ఉద్యోగి. అతడి నాయకత్వంలో కోలుకున్న డివిజన్ తరువాత మంచి పేరు తెచ్చుకుంది. సైనికులలోని లోపంగా భావించినది ప్రధానంగా నాయకత్వ లోపమని ఈ ఉదంతం సూచిస్తుంది.

తొలగింపు అన్నివేళలా జీవితాంతపు శిక్ష కాలేదు. 1943 ఆగస్టులో సిసిలీలో 1వ డివిజన్ నుంచి తప్పించిన టెర్రీ ఆలెన్‌కు కొద్ది నెలలకే 104వ డివిజన్ అప్పగించారు; ఐరోపాలో అతడు దానిని సమర్థంగా నడిపాడు. ఆలెన్‌తోపాటు తప్పించిన థియోడర్ రూజ్‌వెల్ట్ జూనియర్ 1944 జూన్ 6న యూటా తీరంలో తొలి దళాలతోనే దిగాడు. పునరవకాశం ఉండడం వల్ల తొలగించేవారికి సంకోచం తగ్గింది. తొలగినవారి అనుభవం వృథా కాలేదు.

5. పరిమితులు:
ఈ విధానం న్యాయానికి పర్యాయపదం కాదు. 1944 జనవరి 22న ఇటలీలోని ఆంజియో తీరంలో దిగిన జాన్ లూకాస్ వెంటనే ముందుకు కదలలేదు. నెల తరువాత అతడిని తప్పించి లూసియన్ ట్రస్కాట్‌ను నియమించారు. ఉన్న కొద్ది సేనతో లూకాస్ ముందుకు సాగి ఉంటే చుట్టుముట్టబడేవాడన్న వాదన చరిత్రకారులలో నేటికీ ఉంది. త్వరిత నిర్ణయంలో పైవారి ప్రణాళికా దోషం కిందివాడి తలపై పడే ప్రమాదం ఉందని ఇది గుర్తుచేస్తుంది.

రెండవ పరిమితి ఇంకా లోతైనది. పరీక్షించబడే అవకాశమే కొందరికి దక్కలేదు. 1940 అక్టోబరులో బెంజమిన్ ఓ. డేవిస్ సీనియర్ అమెరికా సైన్యంలో తొలి నల్లజాతి జనరల్ అయ్యాడు. కాని యుద్ధరంగంలో సేనను నడిపే బాధ్యత అతడికి ఇవ్వలేదు. సీనియారిటీ గోడను కూల్చిన సంస్థ జాతివివక్ష గోడను అలాగే నిలిపి ఉంచింది.

6. ముగింపు:
సైనిక విద్య, రాజకీయ మద్దతు, ప్రత్యక్ష పరిచయం – ఈ ప్రాతిపదికలలో ఏదీ విజయానికి హామీ ఇవ్వలేదు. ఎంపిక ఎప్పుడూ ఒక ఊహే. యుద్ధమే దానికి పరీక్ష. లింకన్ ఈ పాఠాన్ని యుద్ధమధ్యంలో నేర్చుకున్నాడు. మార్షల్ దానిని యుద్ధానికి ముందే సంస్థాగత విధానంగా మలిచాడు. అయినా ఫ్రెడెన్‌డాల్ అసమర్థత కాసరీన్‌లో, బర్న్‌సైడ్ అసమర్థత ఫ్రెడరిక్స్‌బర్గ్‌లో సైనికుల నెత్తుటితోనే రుజువైంది. కనుక సేనాధిపతి తొలగింపును అతడి ప్రతిష్ఠకు సంబంధించిన విషయంగా మాత్రమే చూడడం అసమగ్రం. తొలగింపు ఆలస్యమైన ప్రతిరోజూ ఎవరి ప్రాణాలకు ముప్పుగా పరిణమించిందో గమనించినప్పుడే సేనాధిపత్య చరిత్ర అధ్యయనం సంపూర్ణమవుతుంది.